తెరమీది సాక్ష్యము



చలనచిత్రములను గూర్చి ప్రసంగించుటకు నావంటి బడిపంతులు పూనుకొనుట మీకు వింతగా దోచవచ్చును. వ్యాకరణమును, కావ్యములను చెప్పుకొని బ్రదికినవాడను; తెరమీది యాటపాటలతో నాకేమి పని? నిజమే. కాని నేడు నేను చెప్పబోవునది ఆటపాటల బొమ్మలను గూర్చి కాదు. మనుష్యుడు తాను చూచితి ననుకొన్నదానిని, తనకు జ్ఞాపకమున్న దనుకొన్నదానిని ఎంతవరకు నమ్మవచ్చునను ప్రశ్న యొకటి కలదు. ఆ ప్రశ్నను తెరమీద పరీక్షించి చూచిన కొన్ని చిత్రముల చరిత్రను మీకు విన్నవింపదలచితిని. ప్రశ్న మన రచ్చబండకు క్రొత్తది కాదు.

స్వయముగ కంటితో చూచినవాడు సాక్షి యని వైయాకరణులు చెప్పుదురు. గట్టు తగవులలో గాని, పంపకములలో గాని, “నేను కన్నులార చూచితిని” అని పెద్దమనిషి యొకడు పలికెనా, తగవు సగము తీరినట్లే. అట్లు పలికి తప్పినవారిలో నేనొకడను. ఆ సంగతి ముందుగ చెప్పుకొనుట న్యాయము.

నేను ఉద్యోగమున చేరిన తొలినాళ్లలో పనిచేసిన యొక గ్రామమున అన్నదమ్ములిద్దరికి పొలము సరిహద్దున తగవు వచ్చెను. గుర్తుగా నుండిన వేపచెట్టు గాలివానకు కూలిపోయెను. మొద్దును సైతము ఎవరో పెకలించుకొనిపోయిరి. ఆ చెట్టు పంటకాలువకు ఉత్తరమున నుండెనా, దక్షిణమున నుండెనా యనునదే ప్రశ్న. ఉత్తరమున నుండినచో కాలువ తమ్మునిది. దక్షిణమున నుండినచో అన్నది. నేను ప్రతిదినము ఉదయము ఆ కాలువ వెంబడి తూర్పుగా బడికి నడచి, సాయంకాలము పడమటికి మరలివచ్చెడివాడను. అందుచేత పెద్దలు నన్ను పిలిపించిరి. వారిలో నొకరు, “పంతులుగారూ, చెట్టు దక్షిణపు గట్టుననే గదా యుండెను?” అని యడిగిరి. నా యెడమచేతి వైపున చెట్టు నీడ పరచుకొనియుండుట నాకు కన్నులకు గట్టినట్లు కనబడెను. అవునంటిని. కాలువ అన్నగారి పాలయ్యెను.

పదునేండ్లు గడచిన పిమ్మట స్వాతంత్ర్య దినోత్సవమునాడు ఆ బడిలో తీసిన ఛాయాచిత్రమొకటి నా పాతపెట్టెలో బయటపడెను. పిల్లల వెనుక కాలువ; కాలువ కావల చెట్టు. బడి పెంకుటిల్లు ప్రక్కనే కనబడుచుండుటచే దిక్కు విషయమున సందేహమునకు తావు లేదు. చెట్టు ఉత్తరముననే యున్నది. నాకు జ్ఞాపకమున్న యెడమవైపు నిజమే. కాని అది ఉదయము బడికి పోవునప్పటి యెడమ. నా మనస్సు దానిని సాయంకాలపు నడకలోనికి మార్చి నాకు చూపినది. నేను అబద్ధమాడలేదు, నిజమును చెప్పలేదు. ఈ రెంటి నడుమ నున్న చోటే నేటి నా ప్రసంగమునకు విషయము.

ఇక చరిత్రకు వత్తము. 1895 డిసెంబరు 28వ తేదీన పారిస్ నగరమున, గ్రాండ్ కెఫే అను ఫలహారశాలలో, లూమియేర్ సోదరులు రుసుము పుచ్చుకొని తమ చలనచిత్రములను ప్రజలకు చూపిరి. కర్మాగారము నుండి పనివారు వెలువడుట, తల్లిదండ్రులు బిడ్డకు తినిపించుట, ఇట్టివే అవి. మరుసటి యేట, 1896 జూలై 7వ తేదీన, అవి బొంబాయి వాట్సన్ హోటలునకు వచ్చినవి. మనుష్యుడు మరచును, యంత్రము మరువదు; మనుష్యునికి రాగద్వేషములు కలవు, యంత్రమునకు లేవు; కావున ఇంతకు మించిన సాక్షి లేడని పలువురు తలచిరి.

కాని ఆలోచించి చూడుడు. తెరమీద నిజముగ కదలెడి దేదియు లేదు. మాటలాడు చిత్రములు వచ్చిన పిదప స్థిరపడిన లెక్క ప్రకారము సెకనుకు 24 నిశ్చలమైన బొమ్మలు ఒకదాని వెనుక నొకటి తెరమీద బడుచుండును. కదలికను కల్పించుకొనునది మన మనస్సు. మన ఆలంకారికులలో శ్రీశంకుకుడు ఏనాడో చిత్రతురగ న్యాయమును చెప్పియుండెను. పటములోని గుఱ్ఱమును చూచి గుఱ్ఱమనుకొను జ్ఞానము సత్యజ్ఞానము కాదు, మిథ్యాజ్ఞానము కాదు, సంశయము కాదు, కేవల సాదృశ్యజ్ఞానమును గాదు. అది వేఱొక తెఱగు జ్ఞానమని ఆయన వాదము. తెర యెదుట గూర్చున్న మనకందఱకు కలుగునది అట్టి జ్ఞానమే.

రష్యా దేశమున 1920 ప్రాంతమున లెవ్ కులెషోవ్ అను నతడు ఒక చిన్న పరీక్ష చేసెను. ఆయన శిష్యుడు పుడోవ్‌కిన్ దానిని వర్ణించియున్నాడు. మొజూఖిన్ అను నటుని ముఖము, ఏ భావమును లేనిది, ఒక తునుక తీసికొనిరి. దాని ప్రక్కన ఒకచోట గిన్నెడు పులుసును, ఒకచోట శవపేటికలోని స్త్రీని, మఱియొకచోట ఆడుకొను చిన్నపిల్లను చేర్చిరి. చూచినవారు, ఆహా, పులుసును చూచి ఎంత ఆకలి చూపెను, శవమును చూచి ఎంత దుఃఖపడెను, పిల్లను చూచి ఎంత మురిసెను అని నటుని మెచ్చుకొనిరట. ముఖము మూడుచోట్లను ఒక్కటియే. లేని భావమును ప్రేక్షకులే తెచ్చి అందు నుంచిరి.

అదే 1920లో జర్మనీ దేశమున రాబర్ట్ వీనె ‘డాక్టర్ కాలిగరీ’ కథను చిత్రముగ తీసెను. అందులో ఇండ్లు వంకరగ నుండును, వీధులు మెలికలు తిరిగియుండును, వెలుగునీడలను సైతము గోడలమీద రంగులతో వ్రాసిరి. ఒక యువకుడు ఒక క్రూరుని కథ చెప్పుచుండును, మనము నమ్ముదుము. తుదకు చూడగా ఆ యువకుడు పిచ్చియాసుపత్రిలోని రోగి. అప్పుడు తెలియును: వంకర ఊరిది కాదు, చెప్పువాని చూపుదని. కథ చెప్పువానిని నమ్మవచ్చునా యని తెర తన్ను తాను ప్రశ్నించుకొనుటకు ఇది తొలి మెట్లలో నొకటి.

ఇక నాకు మిక్కిలి హితవైన చిత్రము జపాను దేశపు ‘రషోమన్’. 1950లో అకిరా కురొసావా తీసినది. అకుతగవా రచించిన రెండు చిన్నకథలు దానికి ఆధారము. శిథిలమైన నగరద్వారమొకటి, కుండపోతగా వాన. దానిక్రింద కట్టెలు కొట్టువాడొకడు, బౌద్ధభిక్షువొకడు, దారిన బోవువాడొకడు తలదాచుకొనియుందురు. అడవిలో జరిగిన యొక ఘోరమును, దానిమీద న్యాయస్థానమున వెలువడిన సాక్ష్యములను మొదటి యిద్దఱు మూడవవానికి చెప్పుదురు. ఒక వీరభటుడు భార్యతో అడవిదారిని బోవుచుండగా బందిపోటు అడ్డగించి, అతనిని కట్టివైచి, ఆమెను చెఱచెను. పిదప ఆ వీరభటుడు శవమై కనబడెను. ఇంతవరకు అందఱు ఒప్పుకొందురు. అతనిని చంపిన దెవరు?

బందిపోటు చెప్పును: “నేనే చంపితిని, ధర్మయుద్ధము చేసి, సరిజోడైన వీరుని గెలిచితిని.” భార్య చెప్పును: “భర్త నన్ను ఏవగింపుతో చూచెను, ఆ చూపునకు తాళలేక చేత బాకుతో మూర్ఛిల్లితిని, తెలివి వచ్చునప్పటికి బాకు అతని రొమ్మున నుండెను.” చచ్చినవాని ఆత్మ పూనకము వచ్చిన స్త్రీ నోట పలుకును: “అవమానము భరింపలేక నన్ను నేనే పొడుచుకొంటిని.” పెద్దలారా, ఇందలి విశేషమును గమనింపుడు. లోకములో నేరస్థుడు నేను చేయలేదనును. ఇక్కడ ముగ్గురు ముగ్గురును తమచేతనే ప్రాణము పోయెననుచున్నారు! శిక్ష తప్పించుకొనుటకు మాఱాడుట కాదిది. తమ కన్నులయెదుట తాము చిన్నబోకుండుటకు. బందిపోటునకు తాను శూరుడు కావలెను. ఆమెకు తాను నిరపరాధిని కావలెను. మృతునికి తాను అభిమానధనుడు కావలెను.

నాలుగవవాడు కట్టెలు కొట్టువాడు. అతడు పొదచాటున నుండి చూచెనట. అతని మాట ప్రకారము అది ధర్మయుద్ధము గాదు. చేతులు వణకుచు, నేలబడి ప్రాకుచు, ఇరువురు పిరికివాండ్రు పెనగులాడిరి. ఇదియే నిజమని మనము ఊపిరి పీల్చుకొందుము. అంతలో ఆ విలువైన బాకును దొంగిలించినవాడు ఇతడేనని బయటపడును. అందుచేతనే న్యాయస్థానమున కొంత దాచెను. ఇక ఎవరిని నమ్మవలెను?

ఇంకొక మర్మము కలదు. న్యాయస్థానపు ఘట్టములలో న్యాయాధికారి ఒక్కసారియైన కనబడడు, వినబడడు. సాక్షులు మనవైపే తిరిగి, మన ప్రశ్నలకే బదులు చెప్పునట్లు పలుకుదురు. రచ్చబండమీది పెద్దల స్థానమున కురొసావా మనలను కూర్చుండబెట్టెను. ఈ చిత్రమునకు 1951లో వెనిస్ ఉత్సవమున అగ్రబహుమానము లభించుటతో పడమటి దేశములకు జపాను చలనచిత్రము గొప్పగ పరిచయమయ్యెను. చిత్రీకరణకు పూర్వము సహాయకులు కథ అర్థము కాలేదని వచ్చి యడుగగా, మనుష్యులు తమ్ము గూర్చి తాము నిజాయితీగ మాటలాడుకొనలేరు, ఈ కథ దానిని గూర్చినదే యని చెప్పినట్లు కురొసావా తన స్వీయచరిత్రలో వ్రాసికొనెను. 1954లో మన పొరుగుననే, మద్రాసులో, వైణికుడైన ఎస్. బాలచందర్ ‘అంద నాళ్’ అను తమిళచిత్రమున ఒకే హత్యను పలువురి నోట పలువిధములుగ చెప్పించెను. అందులో ఒక్క పాటయు లేదు.

రషోమన్ సాక్షులు తెలిసియో తెలియకయో మార్చి చెప్పినవారు. మార్చవలెనను తలంపు లేనివాని జ్ఞాపకము మాటేమి? ఆ ప్రశ్నను తన జీవితకార్యముగ తీసికొన్నవాడు ఫ్రాన్సు దేశీయుడు అలెన్ రెనే. 1955లో ఆయన నాజీల మరణశిబిరములను గూర్చి ‘రాత్రియు మంచును’ అను 32 నిమిషముల చిత్రమును కూర్చెను. అందలి యొక ఛాయాచిత్రములో, ఫ్రాన్సు గడ్డమీది శిబిరమున కావలి కాయువాడు ఫ్రెంచి పోలీసువాడే యని అతని టోపీనిబట్టి తెలియుచుండెను. తమవారును ఆ పాపమున చేయి కలిపిరని చూపుట ప్రభుత్వపు పరిశీలకులకు రుచింపలేదు. తుదకు టోపీ కనబడకుండ దానిమీద ఒక దూలమువలె రంగు పూసిరి. వ్యక్తి మనస్సు తనకు గిట్టనిదానిని మఱుగుపఱచును. దేశమును అదే పని చేయును. నా పాతపెట్టెలోని ఛాయాచిత్రము నాకు నిజము చెప్పినది గాని, ఛాయాచిత్రములన్నియు అట్టివి కావని ఈ యుదంతము హెచ్చరించుచున్నది.

1959లో ఆయన ‘హిరోషిమా’ చిత్రము తీసెను. కథ మార్గరిత్ ద్యూరా వ్రాసినది. 1945 ఆగస్టు 6వ తేదీన అణుబాంబునకు గుఱియైన నగరమునకు ఒక ఫ్రెంచి నటి వచ్చును. ప్రదర్శనశాలను, ఆసుపత్రిని చూచి, ఇక్కడ జరిగినదంతయు నేను చూచితిని అనును. ఆమెతో స్నేహము చేసిన జపాను దేశీయుడు, నీవేమియు చూడలేదని బదులు చెప్పును. బొమ్మలు చూచుట, చూచుట యగునా? ఒక ఉదయము అతడు నిద్రించుచుండగా అతని చేయి కదలును. ఆ కదలికతో క్షణకాలము మఱియొక చేయి తెరమీద మెఱసి మాయమగును. అది ఆమె పడుచుతనమున ప్రేమించిన జర్మను సిపాయి చేయి. కాల్చబడి చచ్చిపోవుచున్న చేయి. ముందు చెప్పుట లేదు, వెనుక వివరించుట లేదు. సంస్కారము మనస్సున నిద్రించుచుండుననియు, సదృశమైన వస్తువు కనబడినపుడు అది మేల్కొని స్మృతి యగుననియు మన తార్కికులు పలికిరి. సూత్రముగ చదువుకొన్నదానిని నేను తెరమీద కంటితో చూచిన దదియే మొదలు.

1961లో రెనే తీసిన ‘పోయినయేట మరియెన్‌బాద్’ దీనికంటె చిక్కైనది. అలెన్ రోబ్-గ్రియే దాని రచయిత. గొప్ప భవనమొకటి, అందు విడిసిన పెద్దయింటివారు. ఒక పురుషుడు ఒక స్త్రీతో, పోయినయేడు మనము కలసికొంటిమి, నాతో వచ్చెదనని మాట యిచ్చితివి అనును. ఆమె ఎఱుగననును. అతడు మఱల మఱల చెప్పును. చెప్పినకొలది తెరమీద ఆ దృశ్యములు కనబడును. చెప్పినమాట మార్చినచో దృశ్యమును మాఱును. క్రమముగ ఆమెకును జ్ఞాపకము వచ్చినట్లుండును. నిజముగ వచ్చినదా, అతడు నాటెనా? చిత్రము చెప్పదు. కాళిదాసు దుష్యంతుడు శాపముచే మరచెను. ఉంగరము దొరకగనే మబ్బు విడెను. ఇక్కడను ఉంగరమువంటి ఛాయాచిత్రమొకటి కలదు. కాని అది దొరికినను ఏమియు తేలదు. ఉద్యానవనపు దృశ్యమొకటి మఱపురానిది. నిలిచియున్న మనుష్యులకు పొడవైన నీడలు కలవు; చెట్లకు లేవు. మనుష్యుల నీడలను నేలమీద రంగుతో వ్రాయించిరట. మొదటి చూపున నాకిది తోచనే లేదు. తెలిసిన పిదప కన్నును నమ్ముట మానితిని.

మరుసటి యేట, 1962లో, క్రిస్ మార్కర్ ‘లా జెతే’ అను 28 నిమిషముల చిత్రము తీసెను. అది ఇంచుమించు మొత్తము నిశ్చల ఛాయాచిత్రములతోనే కూర్చినది. బాల్యమున విమానాశ్రయమున చూచిన ఒక స్త్రీ ముఖమును, అక్కడ ఒకడు కూలిపోవుటను మరువలేని మనుష్యుని కథ. నిదురించు ఆ స్త్రీ కన్నులు విప్పు ఒక్కచోట మాత్రము బొమ్మ కదలును; ప్రాణము వచ్చినట్లు ఒడలు జలదరించును. కాలమున వెనుకకు ప్రయాణము చేసి తుదకు అతడు తెలిసికొనునది, చిన్ననాడు తాను చూచిన చావు తనదేయని.

కృషీవలులైన మీకు నచ్చెడి ముచ్చట యొకటి రష్యానుండి చెప్పెదను. ఆంద్రే తర్కోవ్‌స్కీ 1975లో వెలువడిన ‘అద్దము’ అను చిత్రమున తన బాల్యస్మృతులను తెరకెక్కించెను. తల్లిగాను, భార్యగాను ఒకే నటిని చూపెను; కొడుకు మనస్సున ఆ రెండు రూపములు కలసిపోవుటయే కారణము. పాత యింటిని మునుపున్న చోటనే తిరిగి కట్టించెను. ఇంటి ముందరి చేనిలో తెల్లని పూవులు పూచు ఒకజాతి ధాన్యపు పైరు ఉండినట్లు ఆయనకు జ్ఞాపకము. అక్కడి రైతులు, ఈ నేలలో అది పండదు, ఏండ్లనుండి వేయుట మానితిమనిరి. ఆయన వినక చేను బాడుగకు తీసికొని విత్తించెను. పైరు పెరిగి తెల్లగ పూచెను! జ్ఞాపకము ఎల్లప్పుడు మోసము చేయునని నేను చెప్పినట్లు మీరు తలపకుండుటకై ఈ ముచ్చట. కాని గమనింపుడు: తన జ్ఞాపకమును ఆయన నేలలో విత్తి పరీక్షించెను, మాటతో గెలువలేదు.

ఈ కళాకారులు ఊహించినదానిని శాస్త్రజ్ఞులు లెక్కలతో నిరూపించిరి. 1974లో అమెరికా దేశమున ఎలిజబెత్ లోఫ్టస్, జాన్ పామర్ అనువారు 150 మంది విద్యార్థులకు రెండు మోటారు బండ్ల ప్రమాదమును చూపు చిన్న చిత్రమును చూపిరి. 50 మందిని, బండ్లు ఒకదానినొకటి నుగ్గుచేసికొన్నప్పుడు ఎంత వేగమున నుండెనని యడిగిరి. మఱి 50 మందిని, తాకినప్పుడు ఎంత వేగమున నుండెనని యడిగిరి. తక్కిన 50 మందిని వేగము మాటయే యడుగలేదు. వారము గడచిన పిమ్మట, పగిలిన గాజుముక్కలను చూచితిరా యని అందఱిని ప్రశ్నించిరి. చూచితిమన్నవారు మొదటి గుంపున 16 మంది, రెండవ గుంపున 7గురు, మూడవ గుంపున 6గురు. ఆ చిత్రమున గాజుముక్కలు లేనే లేవు. అడిగినవాని మాటలోని బరువు చూచినవాని కంటిలోనికి దిగినది.

ఆ సంగతి చదివిననాడు నాకు నిదుర పట్టలేదు. “దక్షిణపు గట్టుననే గదా యుండెను?” అని నన్నడిగిన మాట చెవిలో మ్రోగెను. అడిగినవారియందు దోషము లేదు, మాటవరసకు అడిగిరి. తప్పు నాది. పంతులుకు తెలియనిదా యని నలుగురు చూచుచుండగా, “సరిగా చెప్పలేను” అనుట నాకు చిన్నతనముగ తోచినది. రషోమన్ బందిపోటునకు, నాకు భేదము స్వల్పము.

అయిననేమి, లోకమున నిజమే లేదందమా? అట్లనరాదు. చీకటిలో త్రాడును చూచి పాము అనుకొన్నవాడు పొరబడెను. కాని త్రాడు లేకపోలేదు. దీపము తెచ్చినచో కనబడును. పాము అబద్ధమని త్రాడును గూడ త్రోసివేయువాడు రెండవసారి పొరబడినవాడు. రషోమన్ చివర ద్వారముక్రింద దిక్కులేని శిశువొకటి ఏడ్చుచుండును. బాకు దొంగిలించిన ఆ కట్టెలవాడే, ఆరుగురు బిడ్డల తండ్రి, దానిని ఎత్తుకొని యింటికి బోవును. వాన వెలియును. అతని సాక్ష్యమున లోపము కలదు. ఆ బిడ్డను ఎత్తుకొనుట మాత్రము నిజము.

మీరు ఊళ్లలో తగవులు తీర్చువారు. సాక్షిని ప్రశ్నించునప్పుడు జవాబును ప్రశ్నలో నుంచి అడుగకుడు. తెలియదన్నవానిని చులకన చేయకుడు. సాక్షి గట్టిగ పలికినంతమాత్రమున మాట గట్టిదని తలపకుడు; నేను మిక్కిలి గట్టిగనే పలికితిని. కాగితము, కొలత, రెండవ సాక్షి యున్నచో వెదకుడు.

ఛాయాచిత్రము దొరకిన వారమునకే నేను ఆ గ్రామమునకు పోయితిని. తమ్ముడు అప్పటికే గతించెను. అతని కుమారుడు చిత్రమును చేతబట్టి, చెట్టును చూడలేదు. పిల్లల వరుసలో నిలిచియున్న తన్ను చూచుకొని, “పంతులుగారూ, ఈ చొక్కా మా నాయన కుట్టించినది, నాకు జ్ఞాపకమున్నది” అనెను. పిదప నేను చెట్టును చూపితిని. చాలసేపు మాటలాడలేదు. పెదతండ్రి కుమారులను పిలిచి, ఆ చిత్రమును నడుమ నుంచి, నలుగురి యెదుట నా తప్పును ఒప్పుకొంటిని. కాలువనీరు నాటినుండి రెండు పొలములకు వంతులవారిగ పాఱుచున్నది. పోయిన పదునేండ్ల పంటను నేను తిరిగి యీయజాలను.